ఫసలీ మాసములలో పారసీక దేవతలు

సికింద్రాబాదు నగరమున సీతాఫల్‌మండికి చేరువగా పార్శీగుట్ట అను గుట్ట యొకటి కలదు. జరతుష్ట్ర మతస్థులు గతించినవారి దేహములనుంచు దఖ్మాలు అచ్చట నెలకొనుటచే ఆ పేరు వచ్చినది. అగ్ని, జలము, భూమి పవిత్రములు గనుక శవస్పర్శచే వాటిని మలినపరచరాదని వారి నియమము. ఆ నగరముననే మహాత్మాగాంధీ రోడ్డున 1847లో ప్రతిష్ఠింపబడిన వారి అగ్నిమందిరమున్నది. అది ఏ సోదరుల పేర వెలసినదో ఆ వికాజీ, పెస్తన్‌జీ మెహర్జీలు నిజాం ప్రభుత్వమునకు ఋణములిచ్చిన సాహుకార్లు. మహమ్మదీయ ప్రభువుల రాజ్యమున అగ్న్యారాధకులు మందిరము కట్టుకొని ధనికులై వర్ధిల్లిరి.

అంతకంటె విశేషమైన సాక్ష్యము తెలంగాణ గ్రామముల పాత భూమి దస్త్రములలో నున్నది. నిజాం రాజ్యమున శిస్తు లెక్కలు ఫసలీ సంవత్సరము ననుసరించి వ్రాయబడెడివి. హిజరీ చాంద్రమాన వత్సరము సౌరవత్సరముకంటె సుమారు 11 దినములు చిన్నది. పంటల కాలమునకు అది పొసగదు. అందుచే సౌరమానము నవలంబించి ఆజూర్, దై, బహ్మన్ మొదలగు పారసీక మాసనామములను వాడిరి. అక్బరు పాదుషా సైతము 1584లో ఇలాహీ శకమును స్థాపించినపుడు ఈ పేర్లనే గ్రహించెను.

ఈ పేర్లు జరతుష్ట్ర మతమున పూజ్యులైన వారివి. ఆజూర్ అనగా అగ్ని. ఆబాన్ అనగా జలములు. మన వేదములలోని 'ఆపః' శబ్దమే. మెహర్ మన మిత్రుడు. ఉర్దిబెహిష్త్ అనునది అవెస్తాలోని 'అష వహిష్త'. అష మన ఋతము. వహిష్త మన వసిష్ఠ శబ్దము, మిక్కిలి శ్రేష్ఠమని అర్థము. శ్రీరామచంద్రుని కులగురువు పేరే రూపుమారి పట్వారీ చిట్టాలో ఏటేట కనబడుచుండెనని ఎందరెరుగుదురు! ముస్లిములు స్వర్గమును 'బెహిష్త్' అనుటయు దానినుండియే. అట్లని రెండు ధర్మములును ఒక్కటే యని తొందరపడి చెప్పరాదు. ఋగ్వేదమున వరుణునికి గౌరవముగా చెల్లిన 'అసుర' పదము అవెస్తాలో 'అహుర'యై పరమేశ్వరుని చెప్పగా, మన 'దేవ' శబ్దము అచ్చట దుష్టశక్తులకు పేరైనది.

651లో సస్సానీ చక్రవర్తి మూడవ యజ్దెగర్ద్ హతుడగుటతో ఇరాన్‌లో ఆ మతమునకు రాజాశ్రయము తొలగినది. ఖురాను 22వ సూరాలో మజూస్ అను పేర వీరి ప్రస్తావన కలదు. జిజియా చెల్లించి స్వధర్మమున నుండుటకు అనుమతి లభించినను అవమానములు తప్పలేదు. కొందరు గుజరాత్ తీరమున సంజాన్ చేరిరని 1600 ప్రాంతమున పారసీక పద్యములలో వ్రాయబడిన కిస్సా-ఎ-సంజాన్ తెలుపుచున్నది. ఇరాన్‌లో మిగిలినవారికి జిజియా 1882లోగాని తొలగలేదు. అందుకై 1854లో అచ్చటికి వెళ్లి ఏండ్ల తరబడి శ్రమించినవాడు భారతదేశపు పార్శీ మానెక్‌జీ లింజీ హటారియా.

ఈ చరిత్రను కేవలము ఖడ్గకథగా చెప్పుట పూర్వపు వాడుక. జంషీద్ చోక్సీ 1997లో వెలువరించిన గ్రంథమున సంఘర్షణతోపాటు సహకారమును పరిశీలించి, మతాంతరము శతాబ్దములపాటు, నగరములలో ముందుగను గ్రామములలో ఆలస్యముగను సాగినదని చూపెను. బాధను మరుగుపరచి సామరస్యము నొక్కదానినే చెప్పుటయు సత్యము కాదు.

ఓడినవారి భాష మాత్రము గెలిచినవారి ఆరాధనలోనికే ప్రవేశించినది. అరబ్బీలో 'సలాత్' అనబడు ప్రార్థనను ఇరానీయులు తమ పాత మాటతో 'నమాజ్' అనిరి. అది సంస్కృతమున 'నమస్' శబ్దమునకు తోబుట్టువు. ఉపవాసమునకు రోజా, ప్రవక్తకు పైగంబర్ అనునవియు పారసీక పదములే. దక్కనుకు వచ్చి తెలుగు పల్లెలలో నిలిచినవి ఆ మాటలే.