కాలాన్ని ఆపలేం, గడియారాన్ని సరిచేయగలం

 ఆటపాటల ముచ్చట్ల నడుమ ఒక చిన్న సైన్సు పాఠానికి చోటు ఇవ్వమని అడిగి మరీ ఇది రాస్తున్నాం. అందుకు ఒక కారణం ఉంది.

పోయిన సంవత్సరం మేము తొమ్మిదో తరగతిలో ఉన్నాం. పదో తరగతి అన్నలకు పబ్లిక్ పరీక్షలు జరుగుతున్నాయి. ఒకరోజు పొద్దున గోడ గడియారం 12 నిమిషాలు వెనక నడుస్తోందని ఎవరమూ గమనించలేదు. మా దగ్గర సెల్‌ఫోన్లు ఉండవు. స్నానం, టిఫిన్, బయలుదేరడం అన్నీ ఆ గడియారం చూసే. అన్నలు అత్వెల్లి రోడ్డు మీదికి వచ్చేసరికి బస్సు వెళ్లిపోయింది. ఒకే ఆటోలో కిక్కిరిసి మేడ్చల్ చేరి, గేటు మూసేలోపు ఎలాగో లోపలికి వెళ్లారు. "మొదటి ప్రశ్న రెండుసార్లు చదివినా బుర్రకెక్కలేదురా" అని సాయంత్రం ఒక అన్న చెబుతుంటే మాకు బాధ వేసింది.

అప్పుడు ఆరో తరగతి తమ్ముడొకడు అన్నాడు: "అన్నా, కథల్లో కాలాన్ని కదలకుండా పట్టే యంత్రం ఉంటది గద. అసొంటిది మనకుంటే మంచిగుండు!"

అందరం నవ్వాం. కానీ ఆ మాట మమ్మల్ని వదలలేదు. సైన్స్ సారును అడిగి, పుస్తకాలు చూసి తెలుసుకున్నది మీ ముందు ఉంచుతున్నాం.

నిలకడ అంటే ఏమిటి?

కాలాన్ని ఎవరూ పట్టి ఆపలేరు. మనిషి చేయగలిగింది ఒక్కటే: ఒకే తీరుగా మళ్లీ మళ్లీ జరిగే పనిని వెతికి, దాన్ని లెక్కపెట్టడం. ఆ పని ఎంత నిలకడగా జరిగితే గడియారం అంత మంచిది.

ఒక మీటరు దారానికి రాయి కట్టి మెల్లగా ఊపండి. అటూ ఇటూ 20 సార్లు ఊగడానికి సుమారు 40 సెకన్లు పడుతుంది. దారాన్ని పావు మీటరు చేస్తే 20 సెకన్లే. కాలం దారం పొడవును బట్టి ఉంటుందన్నమాట. ఈ సూత్రంతోనే 1656లో హైగెన్స్ లోలక గడియారం తయారు చేశాడు. కానీ ఎండకు లోహం సాగుతుంది. వేడి 10 డిగ్రీలు పెరిగితే ఉక్కు లోలకం రోజుకు దాదాపు 5 సెకన్లు వెనకబడుతుంది.

మన గోడ గడియారంలో లోలకం బదులు చిన్న క్వార్ట్జ్ స్ఫటికం ఉంటుంది. అది సెకనుకు 32,768 సార్లు కంపిస్తుంది. ఈ సంఖ్యను 15 సార్లు సగం చేసుకుంటూ పోండి, 1 వస్తుంది. గడియారంలోని సర్క్యూట్ చేసే లెక్క ఇదే. మరి ఆ రోజు ఏమైంది? స్ఫటికం సరిగానే కంపించింది. సెల్లు బలహీనపడి ముల్లును నెట్టే శక్తి చాలలేదు!

పరమాణువు చెప్పే టైము

లోలకం సాగుతుంది, స్ఫటికం వేడికి కొద్దిగా మారుతుంది. అందుకే శాస్త్రవేత్తలు పరమాణువును ఆశ్రయించారు. 1967 నుంచి సెకను అంటే సీసియం పరమాణువుకు సంబంధించిన వికిరణం 9,19,26,31,770 సార్లు, అంటే 919 కోట్లకు పైగా, కంపించే కాలం. మన దేశంలో ఇలాంటి గడియారాలతో ప్రామాణిక సమయాన్ని నిలిపేది ఢిల్లీలోని జాతీయ భౌతిక ప్రయోగశాల. ఆ సమయానికి ఆధారమైన 82.5 డిగ్రీల రేఖాంశం మన కాకినాడ సమీపం నుంచి పోతుంది. మనం దానికి సుమారు 4 డిగ్రీలు పడమర ఉన్నాం కాబట్టి, సూర్యుడు మన నడినెత్తికి సుమారు 16 నిమిషాలు ఆలస్యంగా వస్తాడు. అయినా అందరి గడియారం ఒక్కటే.

ఇంత కచ్చితం ఎందుకు? దారి చూపే ఉపగ్రహాల సంకేతం చేరిన కాలాన్ని బట్టి దూరం లెక్కిస్తారు. సెకనులో పది లక్షల వంతు తప్పితే దూరం 300 మీటర్లు తప్పుతుంది. 2013 జూలై 1న శ్రీహరికోట నుంచి వెళ్లిన మన ఉపగ్రహంలో విదేశాల నుంచి కొన్న మూడు రుబీడియం గడియారాలూ చెడిపోయాయి. ఉపగ్రహం ఆకాశంలోనే ఉన్నా దారి చూపే పనికి అక్కరకు రాకుండా పోయింది. మనవాళ్లు నిరాశపడలేదు. సొంతంగా రుబీడియం గడియారం తయారు చేసి, 2023 మే 29న అదే శ్రీహరికోట నుంచి ఎన్‌వీఎస్-01 ఉపగ్రహంలో పంపారు.

మేము నేర్చుకున్నది

ఆ రోజు మా అందరి కళ్లూ ఒకే గడియారం మీద ఉన్నాయి. అది తప్పితే అందరమూ తప్పాం. చూసినవాళ్లమే కానీ సరిపోల్చినవాళ్లం కాదు. ఇప్పుడు ప్రతి ఆదివారం ఇద్దరం వార్డెన్ సారు ఫోనులోని టైముతో గోడ గడియారాన్ని సరిపోలుస్తున్నాం. తేడాను నోటుబుక్కులో రాస్తున్నాం. తేడా పెరుగుతుంటే సెల్లు మారుస్తున్నాం. పరీక్షల నెలలో ఈ పని రోజూ చేస్తాం.

తమ్ముళ్లారా! వచ్చే ఏడు మేము ఇక్కడ ఉండం. ఆ నోటుబుక్కు బీరువాలో పై అరలో ఉంది. ఆదివారం మరచిపోకండి.