ఇంటి చల్లదనం

పాఠ్యభాగ ఉద్దేశం: గోడకు అమర్చే స్ప్లిట్ ఏ.సి. పనిచేసే విధానాన్ని తెలిసికొని, దానిని పొదుపుగా, సురక్షితంగా వినియోగించుకొనే అవగాహనను విద్యార్థులకు కలిగించడం ఈ పాఠం ఉద్దేశం.

రాయలసీమ వాసులకు ఎండ కొత్త కాదు. ఎండను తట్టుకొనే ఉపాయాలూ కొత్త కావు. 1565లో తళ్లికోట యుద్ధం ముగిసిన పిమ్మట విజయనగర రాజులకు పెనుకొండ రాజధాని అయింది. అక్కడి గగన్ మహల్ మందమైన గోడలు పగటి వేడిని వెంటనే లోపలికి రానీయవు. సామాన్యుల మట్టి మిద్దెలు కూడా ఇదే సూత్రం మీద నిలిచాయి. కప్పులో ఉంచిన గవాక్షి వెలుతురునిచ్చి, వేడిగాలిని పైకి పంపేది. అయితే ఆ చల్లదనం ఊరక లభించలేదు. వానలకు ముందు మిద్దెపై చవుడు మన్ను పరచవలసి వచ్చేది. ఆ శ్రమను ఉపేక్షిస్తే ఇల్లు కురిసేది.

నేడు హిందూపురం, పెనుకొండ, ధర్మవరం పట్టణాలలో కాంక్రీటు ఇళ్లు విస్తరించాయి. కాంక్రీటు కప్పు పగలంతా ఎండను గ్రహించి, రాత్రివేళ ఆ వేడిని గదిలోకి విడుస్తుంది. అందువల్ల ఒకనాడు విలాసవస్తువుగా భావించిన ఏ.సి. మధ్యతరగతి గృహాలకు చేరింది. వృద్ధులు, పసిపిల్లలు, రోగులు ఉన్న ఇంట వడగాడ్పుల దినాలలో అది ప్రాణరక్షణకు తోడ్పడుతుంది. కాని చవుడు మన్ను కోరిన మిద్దె వలెనే ఈ యంత్రమూ సంరక్షణను కోరుతుంది.

పనిచేసే విధానం

ఆధునిక ఏ.సి.కి 1902లో విల్లిస్ క్యారియర్ అనే అమెరికన్ ఇంజనీరు రూపకల్పన చేశాడు. న్యూయార్క్ నగరంలోని ఒక ముద్రణాలయంలో గాలిలోని తేమ వల్ల కాగితం సాగి, రంగులు చెదిరేవి. ఆ తేమను అదుపు చేయడమే అతని తొలి లక్ష్యం. ఇప్పటికీ ఏ.సి. గాలిని చల్లబరచడంతో పాటు తేమను కూడా తగ్గిస్తుంది. గొట్టం ద్వారా వెలుపలికి కారే నీరు ఆ తేమయే.

నిజానికి ఏ.సి. చల్లదనాన్ని సృష్టించదు, వేడిని ఒకచోటి నుండి మరొకచోటికి తరలిస్తుంది. గదిలోని భాగంలో శీతలద్రవం ఆవిరి అవుతూ వేడిని గ్రహిస్తుంది. వెలుపలి భాగంలోని కంప్రెసర్ ఆ ఆవిరిని నొక్కి వేడెక్కిస్తుంది. అక్కడ అది తన వేడిని బయటి గాలికి ఇచ్చి మరల ద్రవమవుతుంది. ఒక 'టన్ను' అనగా యంత్రం బరువు కాదు. ఒక టన్ను మంచు 24 గంటలలో కరుగుతూ గ్రహించే వేడిని తొలగించగల శక్తి. అది సుమారు 3.5 కిలోవాట్లకు సమానం.

వినియోగంలో పొదుపు

ఉష్ణోగ్రతను 18 డిగ్రీలకు తగ్గిస్తే గది త్వరగా చల్లబడుతుందని పలువురు భావిస్తారు. సాధారణ ఏ.సి. విషయంలో ఇది అపోహ మాత్రమే. యంత్రం అదే వేగంతో, ఎక్కువసేపు పనిచేస్తుంది. ఉష్ణోగ్రతను ఒక్క డిగ్రీ పెంచితే సుమారు 6 శాతం విద్యుత్తు ఆదా అవుతుందని బ్యూరో ఆఫ్ ఎనర్జీ ఎఫిషియెన్సీ పేర్కొన్నది. 2020 జనవరి 1 నుండి స్టార్ గుర్తు గల గృహ ఏ.సి.లు 24 డిగ్రీల వద్ద ప్రారంభమయ్యేటట్లు నియమం ఏర్పడింది. 20 డిగ్రీల వద్ద నెలకు 240 యూనిట్లు ఖర్చు చేసే ఇల్లు 24 డిగ్రీలతో తృప్తిపడితే, ఉజ్జాయింపుగా 50 యూనిట్లకు పైగా మిగులుతాయి. 26 డిగ్రీల వద్ద ఉంచి, ఫ్యాను నెమ్మదిగా తిప్పుకొంటే మరింత మేలు.

స్థలాన్ని బట్టి వాడుకను మార్చుకోవాలి. హిందూపురం సముద్రమట్టానికి 600 మీటర్లకు పైగా ఎత్తున ఉన్నది. తెల్లవారుజామున బయటి గాలి చల్లబడినప్పుడు ఏ.సి. ఆపి, కిటికీలు తెరవడం ఉచితం. స్ప్లిట్ ఏ.సి. గదిలోని గాలినే తిప్పుతుంది గాని సాధారణంగా కొత్త గాలిని తీసికొనిరాదు. ధర్మవరం ఇంకా దిగువన ఉన్నందున అక్కడ వేడి ఎక్కువ. అయితే మగ్గం ఉన్న గదిలో నూలుకు కొంత తేమ అవసరమనే సంగతిని మరువరాదు.

సంరక్షణ

ఎర్రమట్టి దుమ్ము ఎక్కువగా ఉండే ఈ ప్రాంతంలో వేసవిలో రెండు వారాలకొకసారి ఫిల్టరును శుభ్రపరచాలి. ముందుగా విద్యుత్తును పూర్తిగా నిలిపివేయాలి. ఫిల్టరును చల్లని నీటితో కడిగి, నీడలో ఆరనిచ్చి, తిరిగి అమర్చాలి. ఫిల్టరు మూసుకొనిపోతే గాలి తగ్గి, లోపలి గొట్టాలపై మంచు పేరుకొంటుంది. గదిలో నీరు కారితే నీటి గొట్టం పూడిందేమో, దాని వాలు సరిగా ఉన్నదో లేదో చూడాలి. వెలుపలి భాగం చుట్టూ గాలి ఆడే చోటు విడువాలి. యంత్రాన్ని ఆపిన వెంటనే తిరిగి నడపక, కనీసం మూడు నిమిషాలు ఆగాలి.

గ్యాసు విషయంలో వినియోగదారులు తరచుగా మోసపోతారు. ఏటా గ్యాసు నింపించాలనే మాట సరికాదు. అది మూసిన గొట్టాలలో తిరుగుతుంది, ఖర్చు కాదు. తగ్గిందంటే ఎక్కడో కారుతున్నదని అర్థం. కారే చోటును కనుగొని, సరిచేసి, గొట్టాలలోని గాలిని తొలగించిన తరువాతనే తూకం ప్రకారం నింపాలి. నేడు వాడుకలో ఉన్న ఆర్-32 వాయువుకు మండే స్వభావం కొంత ఉన్నది; ఆర్-290 సులభంగా మండుతుంది. విద్యుత్తు ఆపినప్పటికీ కెపాసిటర్‌లో ఆవేశం నిలిచి ఉండవచ్చు. కనుక లోపలి మరమ్మతులను శిక్షణ పొందిన వారికే అప్పగించాలి. ఎత్తైన గోడపై పనిచేసే కార్మికునికి రక్షణతాడు ఉన్నదో లేదో చూడడం ఇంటివారి ధర్మం.

బాధ్యత

మన గది నుండి తరలిన వేడి వీధిలోకే పోతుంది. ఏ.సి. లేని పొరుగింటి కిటికీకి ఎదురుగా వెలుపలి భాగాన్ని అమర్చడం న్యాయం కాదు. ఓజోన్ పొర రక్షణకు 1987లో మాంట్రియల్ ఒప్పందం కుదిరింది. ఓజోనుకు హాని చేయని వాయువులు కూడా భూతాపాన్ని పెంచుతాయని గ్రహించి, 2016లో కిగాలి సవరణ చేశారు. కనుక గ్యాసును గాలిలోకి వదలడం డబ్బుకే కాక, భావితరాలకూ నష్టం. కప్పుకు సున్నం పూయడం, కిటికీలకు తెరలు వేయడం, ఇంటి ముందు వేపచెట్టు పెంచడం మొదట చేయవలసిన పనులు. వాటి తరువాతనే యంత్రాన్ని ఆశ్రయించడం వివేకం.

అర్థాలు

ఉపేక్షించు = పట్టించుకోకుండా విడుచు
వడగాడ్పు = మిక్కిలి వేడిగాలి
అపోహ = పొరపాటు అభిప్రాయం
ఉజ్జాయింపు = సుమారు లెక్క

ప్రశ్నలు

1. 'ఏ.సి. చల్లదనాన్ని సృష్టించదు' అనే వాక్యాన్ని వివరించండి.
2. గ్యాసు తగ్గినప్పుడు చేయవలసిన పనులను క్రమంగా రాయండి.
3. మట్టి మిద్దె సంరక్షణను, ఏ.సి. సంరక్షణను పోల్చి ఒక వ్యాసం రాయండి.