బదరీవృక్షము క్రింద మన బిడ్డలు

పాఠభాగము: 1 రాజులు 19:1–18, కొలొస్సయులకు 3:21



పరీక్షల కాలము వచ్చినదంటే వెంగళరావు నగర్‌లోని మన యిండ్లలో మార్కుల మాట తప్ప వేరొక మాట వినబడదు. ప్రక్కనున్న అమీర్‌పేట, ఎస్.ఆర్. నగర్ హాస్టళ్లలో దూరపు ఊళ్లనుండి వచ్చిన బిడ్డలు ఒంటరిగా చదువుకొనుచున్నారు. వీరిలో కొందరు లోలోపల కృంగిపోవుచుండగా మనము ఆలస్యముగా తెలిసికొనుచున్నాము.

2019 ఏప్రిల్ 18న మన రాష్ట్రమున ఇంటర్మీడియట్ ఫలితములు వెలువడెను. వాటిలో తప్పులు దొర్లెను. ఒక విద్యార్థినికి తెలుగులో సున్న వేసిరి. తిరిగి చూడగా అవి 99 మార్కులు! ఆ దినములలో ఇరువదిమందికి పైగా విద్యార్థులు ప్రాణములు తీసికొనిరని పత్రికలు తెలిపెను. ఇట్టి మరణములకు ఏదో ఒక్కటే కారణమని చెప్పుట సరికాదు. అయితే ఆ బిడ్డల మనోవేదనను ముందుగా ఎవరైన అడిగి తెలిసికొనిరా? ఈ ప్రశ్న మనలను విడువదు.

1. భక్తుడును కృంగును

ఏలీయా కర్మెలుమీద గొప్ప జయము పొందినవాడు. అయినను యెజెబెలు బెదరింపు విని, తన సేవకుని బెయేర్షెబాలో విడిచి, ఒంటరిగా అరణ్యములోనికి పోయి, బదరీవృక్షము క్రింద కూర్చుండి, చావు కోరుకొనెను. గనుక కృంగిన బిడ్డను చూచి, “వీనికి ప్రార్థన చాలదు, విశ్వాసము లేదు” అని మనము తీర్పు తీర్చరాదు.

2. దేవుడు మొదట గద్దింపలేదు

దూత వచ్చి ఉపదేశము చేయలేదు. రొట్టెయు నీళ్లును ఇచ్చెను, మరల నిద్రపోనిచ్చెను. మన బిడ్డల తిండిని, నిద్రను మనము గమనించుచున్నామా? పెద్దలు కృంగినప్పుడు విచారముగా కనబడుదురు. యౌవనులు తరచుగా చిరాకును, కోపమును చూపుదురు. ఆటలమీద ఆసక్తి పోవుట, స్నేహితులకు దూరమగుట, నిద్ర పట్టకుండుట లేక అతిగా నిద్రించుట, కారణము తెలియని కడుపునొప్పి, తలనొప్పి—ఇట్టివి రెండు వారములకు మించి నిలిచినయెడల దానిని సోమరితనమని ఎంచక శ్రద్ధ వహింపవలెను. పొరుగింటివారి బిడ్డతో పోల్చి విసిగించుట మానవలెను. పిల్లలను అధైర్యపరచవద్దని పౌలు తండ్రులను హెచ్చరించెను గదా!

3. దేవుడు రెండుమారులు అడిగెను

హోరేబులో దేవుడు ఏలీయాను ఒకే ప్రశ్న రెండుమారులు అడిగెను. అతడు ఒకే మొర రెండుమారులు పెట్టుకొనెను. దేవుడు విసుగుకొనలేదు. మనమో, బిడ్డ నోరు తెరచిన వెంటనే, “మా కాలములో మేమెంత కష్టపడితిమో” అని మొదలుపెట్టుదుము. “నాయనా, చచ్చిపోవలెనని అనిపించుచున్నదా?” అని ప్రేమతో సూటిగా అడుగుటవలన ఆ తలంపు పుట్టదు, దాచిన భారము బయటికి వచ్చును. అవునన్నయెడల బిడ్డను ఒంటరిగా విడువక, వెంటనే సహాయము పిలువవలెను.

4. దేవుడు తోడు నిచ్చెను

ఏడు వేలమంది మిగిలియున్నారని దేవుడు తెలిపి, ఎలీషాను తోడుగా ఇచ్చెను. మనకును తోడు కలదు. ఎర్రగడ్డ మానసిక చికిత్సాలయము మనకు కొలది దూరములోనే యున్నది. ఆ పేరును మనము ఎగతాళికి వాడుకొంటిమి. ఆ ఎగతాళియే అనేకులను వైద్యుని గడప త్రొక్కనీయలేదు. షుగరు వ్యాధికి మందు పుచ్చుకొనుట అవిశ్వాసము కానట్లే, మనసు వ్యాధికి చికిత్స పొందుటయు అవిశ్వాసము కాదు. 2022లో ప్రారంభమైన టెలి మానస్ వారి 14416 నంబరుకు రాత్రింబగళ్లు ఉచితముగా ఫోను చేసి తెలుగులోనే మాటలాడవచ్చును.

ఆలోచించుటకు ప్రశ్నలు

1. ఈ వారము మార్కుల ప్రస్తావన లేకుండ మన బిడ్డతో ఎంతసేపు మాటలాడితిమి?
2. హాస్టలులోనున్న ఏ బిడ్డను ఆదివారము మన యింటి భోజనమునకు పిలువగలము?

ప్రార్థన

తండ్రీ, అలసిన నీ సేవకునికి రొట్టె పెట్టినవాడా, మా బిడ్డలయెడల మాకు ఆ ఓర్పును దయచేయుము. వారి మౌనమును వినగల చెవులిమ్ము. యేసు నామమున అడుగుచున్నాము. ఆమేన్.