పద్నాలుగు సీట్ల లెక్క

విశాఖపట్టణం ఓడరేవు 1933లో ప్రారంభమైంది. అనంతరం నౌకా నిర్మాణ కేంద్రం, ఉక్కు కర్మాగారం వెలసి ఆ ఊరిని పారిశ్రామిక నగరంగా తీర్చిదిద్దాయి. ఇంజనీరు కావాలనే ఆకాంక్ష ఇక్కడి యువతలో సహజంగానే బలపడింది. ఆకాంక్ష అందరిదీ అయినా, అవకాశం అందరికీ సమాన దూరంలో లేదు.

1946లో మద్రాసు ప్రభుత్వం విశాఖపట్టణంలో ఒక ఇంజనీరింగు కళాశాలను స్థాపించింది. కొద్దికాలానికే అది కాకినాడకు తరలింది. నేటి కాకినాడ జవహర్‌లాల్ నెహ్రూ సాంకేతిక విశ్వవిద్యాలయానికి అదే మూలం. విశాఖ అప్పుడు మద్రాసు రాష్ట్రంలో భాగం. ఆ రాష్ట్రమంతటికీ ప్రభుత్వ ఇంజనీరింగు కళాశాలలు నాలుగే, సీట్లు 395. వాటిని 'కమ్యూనల్ జీ.వో.' ప్రకారం పంచేవారు. ప్రతి 14 సీట్లలో బ్రాహ్మణేతర హిందువులకు 6, వెనుకబడిన హిందువులకు 2, బ్రాహ్మణులకు 2, హరిజనులకు 2, ఆంగ్లో ఇండియన్లకూ భారతీయ క్రైస్తవులకూ కలిపి 1, ముస్లింలకు 1.

మీవలెనే ఇంటర్మీడియెట్ చదివిన శ్రీనివాసన్ అనే విద్యార్థి ఈ లెక్కను న్యాయస్థానంలో ప్రశ్నించాడు. మార్కులే ప్రమాణమైతే అతనికి సీటు దక్కేది. వైద్య విద్యకు సంబంధించి చంపకం దొరైరాజన్ వేసిన దావాతో కలిపి విచారించి, 1951 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు ఆ జీ.వో. రాజ్యాంగ విరుద్ధమని తీర్పు చెప్పింది. అయితే తరతరాలుగా చదువుకు దూరమైనవారి మాటేమిటి? ఈ ప్రశ్నకు సమాధానంగా అదే సంవత్సరం పార్లమెంటు రాజ్యాంగాన్ని తొలిసారి సవరించింది. సామాజికంగా, విద్యాపరంగా వెనుకబడిన వర్గాలకు, షెడ్యూల్డు కులాలకు, తెగలకు ప్రత్యేక ఏర్పాట్లు చేసే అధికారం 15(4) నిబంధన ద్వారా ప్రభుత్వాలకు లభించింది.

నేడు ఆంధ్రప్రదేశ్‌లో షెడ్యూల్డు కులాలకు 15, షెడ్యూల్డు తెగలకు 6, వెనుకబడిన తరగతులకు 29 శాతం సీట్లు ఉన్నాయి. రిజర్వేషన్ లేని వర్గాలలోని పేదలకు 10 శాతం కేటాయించేందుకు 2019లో మరొక రాజ్యాంగ సవరణ వీలు కల్పించింది.

అయినా సీటు చివరి మెట్టు మాత్రమే. పాడేరు కొండలలో ఇంట కువి భాష మాట్లాడే బాలిక బడిలో తెలుగును, కళాశాలలో ఇంగ్లీషును కొత్తగా నేర్చుకోవాలి. నగరంలో చదువుకున్న తల్లిదండ్రుల బిడ్డకు లెక్క తెలియకపోతే చెప్పేవారు ఇంటిలోనే ఉంటారు. ప్రవేశపరీక్షలో ఇద్దరికీ ప్రశ్నపత్రం ఒక్కటే. ర్యాంకు విద్యార్థి చేరిన చోటును చూపుతుంది గాని, బయలుదేరిన చోటును చూపదు.

విద్యార్థులారా! మీ తరగతిలో మీ పక్కన కూర్చున్నవారు ఎంత దూరం నడిచి ఇక్కడికి చేరారో ఒకసారి అడిగి తెలుసుకోండి. సమానత్వమంటే ఏమిటో ఆ సమాధానంలో మీకే బోధపడుతుంది.

అర్థాలు
ఆకాంక్ష = కోరిక
ప్రమాణం = కొలత, ఆధారం
అనంతరం = తరువాత

ప్రశ్నలు
1. 'కమ్యూనల్ జీ.వో.' సీట్లను ఎట్లా పంచింది? సుప్రీంకోర్టు ఏమని తీర్పు చెప్పింది?
2. "సీటు చివరి మెట్టు మాత్రమే" అనే మాటను సోదాహరణంగా వివరించండి.