కోర్టు వాయిదాకు వెళ్తేనే అప్పుకు వాయిదాలు

కేసు మళ్లీ పిలిచే తేదీనీ వాయిదా అంటాం, అప్పు కొంచెం కొంచెంగా తీర్చే కంతునూ వాయిదా అంటాం. మొదటి వాయిదాకు మొహం చాటేసి రెండోదాన్ని పోగొట్టుకునేవాళ్లు చాలామంది.

తాకట్టు లేని అప్పు మొండి బకాయి అయితే బ్యాంకు సివిల్ కోర్టులో దావా వేస్తుంది. బాకీ 20 లక్షలూ ఆపైన ఉంటే అప్పుల వసూలు ట్రిబ్యునల్‌కు (డీఆర్‌టీ) వెళ్తుంది. సివిల్ కోర్టు సమన్లు రాగానే ‘అప్పు నిజమే కదా, వెళ్లి ఏం చెప్పను?’ అనుకుని ఆగిపోకండి. అప్పు నిజమైతేనే వెళ్లాలి. సరైన కారణం ఉంటే డిక్రీ మొత్తాన్ని వాయిదాల్లో కట్టమని ఆదేశించే అధికారం సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 20, రూల్ 11 కింద జడ్జికి ఉంది. ఆ దశలో బ్యాంకు ఒప్పుకోవాలన్న షరతు లేదు. కానీ తీర్పుకు ముందు ఆఖరి విచారణకు స్వయంగానో వకీలు ద్వారానో వచ్చినవారి మాటే కోర్టు వింటుంది. కోర్టుకు రాక ఎక్స్‌పార్టీ అయినవారికి ఆ దారి మూసుకుపోయినట్టే.

డిక్రీ అయ్యాక కూడా అడగొచ్చు. కాకపోతే 30 రోజుల్లోపు దరఖాస్తు చేయాలి, బ్యాంకు సమ్మతీ కావాలి. చిక్కంతా ఆ సమ్మతి దగ్గరే.

వాయిదాలు మన హక్కు కాదు, జడ్జి విచక్షణ. అందుకే ‘కష్టాల్లో ఉన్నాను’ అంటే చాలదు. జీతం స్లిప్పులు, ఆస్పత్రి బిల్లులు, ఇంతవరకు కట్టిన రసీదులు చూపాలి. 3 లక్షల బాకీ అనుకుందాం. ముందు 30 వేలు కట్టి, మిగతాది నెలకు 9 వేల చొప్పున 30 నెలల్లో తీరుస్తానని, వడ్డీ విషయం కోర్టు చెప్పినట్టు చేస్తానని రాసివ్వండి. గొప్పకు పోయి 15 వేలు రాసి మూడో నెలలో చేతులెత్తేయకండి. కంతు తప్పితే మిగతా మొత్తం ఒకేసారి కట్టాలన్న షరతు ఇలాంటి ఉత్తర్వుల్లో మామూలే. అప్పుడు బ్యాంకు డిక్రీ అమలు పిటిషన్ (ఈపీ) వేస్తుంది, జప్తు మొదలవుతుంది.

జైలు భయం మాత్రం వద్దు. స్తోమత ఉండీ ఎగ్గొట్టేవారికే అది. నిజంగా కట్టలేనివారిని జైల్లో పెట్టకూడదని సుప్రీంకోర్టు 1980లోనే, ఒక బ్యాంకు బాకీ కేసులోనే చెప్పింది. డబ్బు డిక్రీ కింద మహిళలను అసలు అరెస్టు చేయకూడదు.

ఇల్లు తాకట్టు పెట్టిన అప్పు దారి వేరు. తాకట్టు ఆస్తిని బ్యాంకు స్వాధీనం చేసుకునే సర్ఫేసీ చట్టం కింద ఇచ్చే నోటీసుకు 60 రోజుల గడువుంటుంది. ఈలోగా మీ అభ్యంతరం రాసిస్తే బ్యాంకు 15 రోజుల్లో జవాబివ్వాలి. హైకోర్టుకు వెళ్లి కంతులు తెచ్చుకుందామన్న ఆశతో ఆ 60 రోజులూ పోగొట్టుకోకండి. సర్ఫేసీ వ్యవహారాల్లో హైకోర్టుల జోక్యాన్ని సుప్రీంకోర్టు పదే పదే తప్పుపడుతోంది.

బ్యాంకుతో మాట కుదిరితే లోక్ అదాలత్ మేలు. ఫీజు లేదు, కంతుల ఒప్పందమే అవార్డు (తీర్పు) అవుతుంది. దానిపై అప్పీలు ఉండదు కనుక చదివించుకుని సంతకం పెట్టండి. మహిళలకు, ఎస్సీ ఎస్టీలకు, తక్కువ ఆదాయం ఉన్నవారికి వకీలునూ ఉచితంగా ఇస్తారు. సమన్లు అందిన రోజే ఉచిత న్యాయ సహాయ హెల్ప్‌లైన్ 15100కు ఫోన్ చేయండి.