డీఎల్ఎల్ మాయమైతే ఏం చేయాలి?

తమిళనాడులోని కోవిల్‌పట్టి, విరుదునగర్‌లలో ఇంట్లో తెలుగు మాట్లాడే కుటుంబాలు చాలా ఉన్నాయి. ఆ రాష్ట్ర ప్రభుత్వం 2011 సెప్టెంబర్ 15న ప్రారంభించిన ఉచిత ల్యాప్‌టాప్‌ల పథకం అక్కడి ప్రభుత్వ పాఠశాలలకూ వర్తించింది. రాష్ట్ర ప్రభుత్వ సంస్థ ఎల్కాట్ సమకూర్చిన ఆ ల్యాప్‌టాప్‌లలో విండోస్‌తోపాటు కేంద్ర ప్రభుత్వ సంస్థ సీ-డాక్ రూపొందించిన బాస్ లినక్స్ కూడా ఉండేది. ఇది డెబియన్ ఆధారిత వ్యవస్థ.

విండోస్, లినక్స్ రెండింటిలోనూ ఎదురయ్యే చిక్కు ఒకటుంది: ప్రోగ్రామ్ తెరవగానే ఫైల్ కనబడలేదన్న సందేశం.

అలా కనబడకుండా పోయేది తరచుగా షేర్డ్ లైబ్రరీ, అంటే అనేక ప్రోగ్రాములు ఉమ్మడిగా వాడుకునే కోడ్ ఫైల్. దీనివల్ల డిస్కు, మెమరీ ఆదా అవుతాయి. విండోస్‌లో దీని ఎక్స్‌టెన్షన్ డీఎల్ఎల్, లినక్స్‌లో ఎస్ఓ, మ్యాక్‌లో డైలిబ్.

విండోస్‌లో ఎంఎస్‌వీసీపీ140 డీఎల్ఎల్ లేదంటే మైక్రోసాఫ్ట్ విజువల్ సీ ప్లస్ ప్లస్ రీడిస్ట్రిబ్యూటబుల్ ప్యాకేజీ వేసుకోవాలి. సిస్టమ్ ఫైళ్లే పాడైతే ఎస్ఎఫ్‌సీ స్కాన్‌నౌ కమాండ్ సరిచేస్తుంది. ఊరూపేరూ లేని సైట్ల నుంచి విడి డీఎల్ఎల్ దించుకుంటే వైరస్ ముప్పు.

లినక్స్‌లో ప్రోగ్రామ్ ఫైల్ పేరుతో ఎల్‌డీడీ కమాండ్ ఇస్తే దొరకని లైబ్రరీ పక్కన ‘నాట్ ఫౌండ్’ అని కనిపిస్తుంది. దాని ప్యాకేజీని ఏపీటీ కమాండ్‌తో వేసుకోవాలి. ఫైల్ ఉన్నా ప్రోగ్రామ్‌కు దొరకకపోతే, అది ఉన్న ఫోల్డర్‌ను ఎల్‌డీ డాట్ ఎస్ఓ డాట్ కాన్ఫ్‌లో చేర్చి ఎల్‌డీకాన్ఫిగ్ నడపాలి.

బిట్: లినక్స్‌లో షేర్డ్ లైబ్రరీల క్యాష్‌ను తాజాపరిచే కమాండ్ ఏది?
జవాబు: ఎల్‌డీకాన్ఫిగ్.