పింఛనులో భార్యకు వాటా లేదా?

ప్రశ్న: మాది హోసూరు. సర్కారు ఉద్యోగం నుంచి రిటైరైన నా భర్త నన్ను వదిలేసి కృష్ణగిరిలో ఉంటున్నారు. పింఛనును కోర్టు కూడా ముట్టుకోలేదట, నిజమేనా?

జవాబు: సగమే నిజమమ్మా. 1871 నాటి పింఛన్ల చట్టం 11వ సెక్షన్ పింఛనును జప్తు నుంచి కాపాడేది అప్పులవాళ్లు వచ్చినప్పుడు. భార్య అప్పిచ్చిన మనిషి కాదు. ఆ పింఛను మీద బతకాల్సిన మనిషే. బాంబే హైకోర్టు నాగపూర్ బెంచి 2018లో ఈ మాటే తేల్చింది. పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లోని 125వ సెక్షనే ఇప్పుడు భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో 144. దాని కింద మనోవర్తికి మీరుంటున్న చోటే, అంటే హోసూరులోనే, కేసు వేయొచ్చు. 2020 నాటి సుప్రీంకోర్టు తీర్పు ప్రకారం అర్జీ వేసిన తేదీ నుంచే సొమ్ము లెక్క కడతారు, కాబట్టి ఆలస్యం చేస్తే నష్టం మీదే. పెళ్లికి రుజువుగా పెట్టే శుభలేఖ తెలుగులో ఉంటే తమిళ అనువాదం జతచేయండి.

‘తనే వెళ్లిపోయింది’ అని ఆయన వాదించవచ్చు. అది తేలిగ్గా కొట్టిపారేసే వాదన కాదు. సరైన కారణం లేకుండా కాపురానికి రానంటే మనోవర్తి రాదు. మీ విషయంలో వదిలి వెళ్లింది ఆయనేనని సాక్ష్యంతో చూపాలి. ఇక ఆయన తదనంతరం వచ్చే కుటుంబ పింఛను ఆయన ఆస్తి కాదు, వీలునామాతో తమ్ముడికి రాసివ్వలేరు. సుప్రీంకోర్టు 1991లోనే ఆ సంగతి చెప్పింది. వేరుగా ఉన్నంత మాత్రాన ఆ హక్కు పోదు, విడాకులైతే పోతుంది. పరస్పర అంగీకార విడాకుల కాగితం మీద సంతకం అడిగితే, ముందు ఈ లెక్క చూసుకోండి.